వాయిదా దాటిన డిక్రీ: ముప్పై రోజులా, అరవై రోజులా?

ఉర్దూలో వాదా అంటే ఇచ్చిన మాట. ఆ మాటే తెలుగులోకి వచ్చి వాయిదా అయ్యింది. కోర్టు పేషీ ఇంకో రోజుకి మారినా వాయిదాయే, బాకీ కట్టాల్సిన కిస్తు కూడా వాయిదాయే. ఇంట్లోవాళ్ళకి ఇచ్చిన వాదా తప్పితే మాఫీ అడుక్కోవచ్చు. కోర్టు పెట్టిన వాయిదా తప్పితే మాత్రం ఇల్లే పోవచ్చు.

పోయిన తర్వాత ఏమిటి? దావా నడిచింది, డిక్రీ వచ్చింది, కట్టమన్న గడువు దాటింది. అమీను వచ్చి జప్తు చేశాడు, నీలాం అయిపోయింది. అప్పుడు బాకీదారు ఎక్కడో పుట్టించి తెచ్చిన పైసలు పట్టుకుని కోర్టు గడప దగ్గర నిలబడితే, ఆ అమలైన డిక్రీని కోర్టు మళ్ళీ తిరగేసి చూస్తుందా? చూస్తుంది. కానీ కొన్ని రోజుల లోపలే, కొన్ని షరతుల మీదే. ఆ రోజుల లెక్క మీద మన దేశంలో పాతికేళ్ళపాటు పెద్ద గందరగోళం నడిచింది. చివరికి దాన్ని తేల్చింది మన ఆంధ్రప్రదేశ్ నుంచి వెళ్ళిన కేసే. ఉర్దూలో తారీఖ్ అంటే తేదీ, చరిత్ర కూడా. ఇది ఆ రెండు అర్థాలూ కలిసిన కథ.

ఈ కథ ముత్తంగి లాంటి ఊళ్ళకి ఎక్కువ అవసరం. పటాన్‌చెరు దాటగానే ముంబై రహదారి మీద, ఔటర్ రింగు రోడ్డు దిగే చోట ఉన్న ఊరు ఇది. ఒకప్పుడు సేద్యం భూములు. 1970ల నుంచి చుట్టూ కార్ఖానాలు, తర్వాత గోదాములు, ప్లాట్లు, అపార్టుమెంట్లు వచ్చాయి. భూమి ధర పెరిగిన చోట బయానాలు, కరారునామాలు, చేబదుళ్ళు, జామీను సంతకాలు కూడా పెరుగుతాయి. వాటి వెనకే దావాలు వస్తాయి.

అదాలత్ మాటలు మనవే

మొదటి సాలార్‌జంగ్ 1853లో నిజాం రాజ్యానికి దీవాన్ అయ్యాడు. 1883లో చనిపోయేదాకా పాలనని గాడిలో పెట్టాడు. 1860ల్లో జిల్లాలు ఏర్పడ్డాయి. ఆయన తర్వాత 1880ల్లో సర్కారీ దఫ్తరుల్లో, అదాలతుల్లో ఫార్సీ పోయి ఉర్దూ వచ్చింది. మూసీ ఒడ్డున హైకోర్టు భవనాన్ని 1920 ఏప్రిల్ 20న మీర్ ఉస్మాన్ అలీఖాన్ ప్రారంభించాడు. మరుసటి ఏడాది, 1921లో, న్యాయశాఖని పాలనా శాఖ నుంచి వేరు చేశాడు. అంటే శిస్తు వసూలు చేసే అధికారే తీర్పు చెప్పే పద్ధతి ఆగింది. అప్పటికి బ్రిటిష్ జిల్లాల్లో చాలాచోట్ల కలెక్టరే మేజిస్ట్రేటుగా కూడా ఉండేవాడు.

నిజాం రాజ్యానికి సొంత దీవానీ కార్యవిధి చట్టం ఉండేది. అది 1323 ఫస్లీ నాటిది, అంటే దాదాపు 1914. ఆ జమానాలో దావా వేసినవాడు ముద్దయీ, ఎదుటివాడు ముద్దాఅలైహ్. గెలిచినవాడు డిగ్రీదార్, బాకీపడినవాడు మద్యూన్. డిక్రీ అమలు ఇజ్రా. ఆస్తి జప్తు ఖుర్కీ. అప్పీలు మురాఫా, రివిజను నిగ్రానీ, రివ్యూ నజర్-ఎ-సానీ. గడువు ముహ్లత్, కాలపరిమితి మీయాద్.

వీటిలో కొన్ని తెలుగులోకి వచ్చి అర్థం తిప్పేసుకున్నాయి. ఉర్దూలో ముద్దయీ దావా వేసినవాడైతే, తెలుగులో ముద్దాయి నేరం మోపబడినవాడు. ఉర్దూ రాజీనామా ఇరుపక్షాల ఒప్పందపత్రం, తెలుగు రాజీనామా ఉద్యోగం వదులుకోవడం. నీలాం, వేలం అనే మాటలు పోర్చుగీసు వాళ్ళ నుంచి వచ్చాయి. మాట ఎక్కడిదైనా జనానికి అర్థమయ్యేది. అమీను తలుపు తడితే ఖుర్కీ వచ్చిందని ఇంట్లో ముసలమ్మకి కూడా తెలిసేది. ఇవాళ ఇంగ్లీషులో వచ్చే నోటీసుని వకీలు చదివి చెప్పేసరికే పది రోజులు గడిచిపోతున్నాయి. ఆ పది రోజుల విలువ ఎంతో కిందికి వెళ్ళేసరికి తెలుస్తుంది.

1951 ఏప్రిల్ 1 నుంచి హైదరాబాద్ రాష్ట్రానికి కూడా 1908 నాటి భారత సివిల్ ప్రొసీజర్ కోడ్ వర్తించింది. ఆ రోజు నుంచి సంగారెడ్డి కోర్టుకీ గుంటూరు కోర్టుకీ ఒకటే కార్యవిధి.

నీలాం తర్వాత ఒక తలుపు

నిజాం రాజ్యపు పడమటి హద్దుకి అవతల, పూనా, అహ్మద్‌నగర్ జిల్లాల్లో 1875లో రైతులు షావుకార్ల మీద తిరగబడ్డారు. మే నెలలో సూపా అనే ఊళ్ళో మొదలైంది. వాళ్ళు ఎక్కువగా తగలబెట్టింది ఇళ్ళని కాదు, బాకీ కాగితాలని, డిక్రీలని. కోర్టుకి రాలేని రైతు మీద ఏకపక్షంగా డిక్రీ తెచ్చుకుని భూమి వేలం వేయించడం అక్కడ మామూలైపోయింది. దాని ఫలితంగా 1879లో దక్కన్ రైతుల ఉపశమన చట్టం వచ్చింది. బాండు వెనక అసలు ఎంత ఇచ్చారో చూడమని, కిస్తులు పెట్టమని, పైసల డిక్రీ కోసం రైతుని జైల్లో పెట్టొద్దని అది కోర్టులకి చెప్పింది.

మిగతా దేశానికి ఆ ఉపశమనం రాలేదు. అయితే 1894లో సివిల్ ప్రొసీజర్ చట్టంలో 310-ఏ అనే సెక్షన్ చేర్చారు. నీలాం అయిన 30 రోజుల్లో బాకీదారు డబ్బు జమ చేస్తే ఆ నీలాం రద్దవుతుంది. 1908 కోడ్‌లో అదే ఆర్డర్ 21, రూలు 89 అయ్యింది. ఇవాళ్టికీ ఆ పేరుతోనే ఉంది.

ఈ రూలులో ఒక ఇన్సాఫ్ ఉంది. బాకీదారు ఎందుకు ఆలస్యం చేశాడని అడగదు. నీలాంలో మోసం జరిగిందని రుజువు చెయ్యమనదు. రెండు జమలు మాత్రం చెయ్యమంటుంది. ఒకటి, నీలాం ప్రకటనలో చూపించిన బాకీ మొత్తం, ఈలోగా డిగ్రీదారుకి ముట్టింది పోగా. రెండు, నీలాంలో కొన్నవాడికి కొన్న ధర మీద నూటికి 5 రూపాయలు. అతను తప్పు చేయకుండానే ఆస్తి వదులుకుంటున్నాడు కాబట్టి అది అతని హర్జానా. బాకీ ముట్టింది, కొన్నవాడికి నష్టం లేదు, ఇల్లు దక్కింది. ముగ్గురికీ సరిపోయే లెక్క ఇది.

ఖుర్ఆన్‌లో సూరా బఖరా 280వ ఆయత్ ఇబ్బందిలో ఉన్న బాకీదారుకి వెసులుబాటు వచ్చేదాకా ముహ్లత్ ఇవ్వమంటుంది. ఆ వెంటనే వచ్చే 282వ ఆయత్ బాకీని గడువుతో సహా రాసిపెట్టుకోమంటుంది. రహమ్, లెక్క రెండూ పక్కపక్కనే ఉన్నాయి. చట్టం కూడా తనదైన దారిలో ఆ రెంటినీ పక్కపక్కనే పెట్టింది. అయితే లెక్క రాసినవాళ్ళే తప్పు రాస్తే ఏమవుతుంది?

పాతికేళ్ళ గందరగోళం

30 రోజుల్లో అంత డబ్బు తేవడం మామూలు మనిషికి కష్టమని 1976లో పార్లమెంటు ఒప్పుకుంది. కాలపరిమితి చట్టంలో 127వ ఆర్టికల్‌ని మార్చి, నీలాం రద్దుకి దరఖాస్తు పెట్టే మీయాద్‌ని 60 రోజులు చేసింది. 1977 ఫిబ్రవరి 1 నుంచి అది అమల్లోకి వచ్చింది. కానీ కోడ్‌లోనే ఇంకోచోట, ఆర్డర్ 21 రూలు 92లో, డబ్బు 30 రోజుల్లో జమ చెయ్యాలన్న మాట అలాగే ఉండిపోయింది. అంటే దరఖాస్తుకి 60 రోజులు, దరఖాస్తుతో పాటు పెట్టాల్సిన డబ్బుకి 30 రోజులు.

ఇది ఎవరి ఇంటి మీద పడిందో ఆలోచించండి. కొత్త చట్టం 60 రోజులు ఇచ్చిందని నమ్మి, నగలు అమ్మి, చుట్టాల దగ్గర చేబదులు తెచ్చి, 45వ రోజున కోర్టుకి వచ్చినవాడు ఆలస్యం చేశాడా, చేయలేదా? కొన్ని హైకోర్టులు ఒకలా చెప్పాయి, కొన్ని ఇంకోలా చెప్పాయి. 1990లో సుప్రీంకోర్టు డబ్బు జమకి 30 రోజులే అని తేల్చింది. శాసనంలో పొరపాటు ఉంటే పార్లమెంటే దిద్దుకోవాలి, కోర్టు దిద్దదు అన్నది ఆ తీర్పు సారం. దాంతో 31వ రోజు నుంచి 60వ రోజు వరకు వచ్చిన వాళ్ళందరికీ తలుపు మూసుకుపోయింది.

ఆంధ్రప్రదేశ్ నుంచి వెళ్ళిన ఒక అప్పీలులో ఇదే ప్రశ్న మళ్ళీ లేచింది. విషయం అయిదుగురు జడ్జీల రాజ్యాంగ ధర్మాసనం ముందుకి వెళ్ళింది. 2001 ఆగస్టులో ఫైసలా వచ్చింది. 1990 తీర్పు సరైనది కాదని ధర్మాసనం చెప్పింది. రూలు 92లోని 30 రోజులు మీయాద్ కాదని వివరించింది. బాకీదారు 30 రోజుల్లోపు డబ్బు కడితే నీలాం రద్దు చెయ్యడం తప్ప కోర్టుకి వేరే దారి లేదు. 30 దాటి 60 లోపు దరఖాస్తు పెట్టి డబ్బు కడితే, రద్దు చెయ్యాలా వద్దా అన్నది కోర్టు విచక్షణ. మొదటిది హక్కు, రెండోది కోర్టు ఇచ్చే రియాయత్. ఒకదాన్ని కొట్టేయకుండా రెండు అంకెలనీ పక్కపక్కన నిలబెట్టిన వ్యాఖ్యానం అది.

ఆ తర్వాత పార్లమెంటు కూడా కదిలింది. 2002 సవరణ చట్టం రూలు 92లో 30ని 60 చేసింది. 2002 జూలై 1 నుంచి అది అమలయ్యింది. 1977 ఫిబ్రవరి నుంచి లెక్కేస్తే, ఒక్క అంకె దిద్దడానికి 25 సంవత్సరాల 5 నెలలు పట్టింది.

ఇవాళ్టి లెక్క

ఉదాహరణకి ఇలా అనుకుందాం. నీలాం ప్రకటనలో బాకీ 4,60,000 రూపాయలు. ఇల్లు మార్చి 1న 12,00,000కి నీలాం అయ్యింది. కొన్నవాడికి 5 శాతం, అంటే 60,000. రెండూ కలిపి 5,20,000. నీలాం రోజు వదిలేసి లెక్కపెడితే 60వ రోజు ఏప్రిల్ 30. ఆ రోజుకి దరఖాస్తు, మొత్తం డబ్బు రెండూ కోర్టులో ఉండాలి. డబ్బు కొంచెం తగ్గినా దరఖాస్తు చిక్కులో పడుతుంది.

ఇక్కడ మూడు సంగతులు మన కుటుంబాలు గుర్తుపెట్టుకోవాలి. ఒకటి, కాలపరిమితి చట్టం సెక్షన్ 5 కింద ఆలస్యాన్ని మాఫీ చేసే అధికారం ఆర్డర్ 21 దరఖాస్తులకి లేదు. బీమారీ వచ్చిందన్నా, ఊళ్ళో లేనన్నా 61వ రోజున ఆ కారణం పనికిరాదు. రెండు, నీలాంలో అక్రమం జరిగిందని రూలు 90 కింద దరఖాస్తు పెట్టినవాళ్ళు, దాన్ని వెనక్కి తీసుకుంటే తప్ప రూలు 89 కింద అడగలేరు. అక్రమం రుజువు చేద్దామని పట్టుబట్టి 60 రోజులు పోగొట్టుకుంటే రెండూ పోతాయి. మూడు, దరఖాస్తు బాకీదారే పెట్టాలని లేదు. ఆస్తిలో హక్కు ఉన్నవాళ్ళు, వాళ్ళ తరఫువాళ్ళు కూడా పెట్టొచ్చు. ఆస్తిలో విరాసత్ వాటా ఉన్న అక్కచెల్లెళ్ళు ఈ సంగతి తెలుసుకోవాలి.

నీలాం కాకముందే అయితే పని ఇంకా తేలిక. నీలాందారు చివరి పాట కొట్టేలోపు బాకీ, ఖర్చులు అధికారి చేతిలో పెడితే నీలాం ఆగిపోవాలని రూలు 69 చెబుతుంది. అప్పుడు 5 శాతం కూడా అక్కర్లేదు. రూలు 64 ప్రకారం బాకీకి సరిపడే ఆస్తే అమ్మాలి. చిన్న బాకీకి పదెకరాల భూమి మొత్తం వేలం వేసిన ఆంధ్రప్రదేశ్ కేసులో 1989లో సుప్రీంకోర్టు ఈ మాటే గట్టిగా చెప్పింది. అందులో ఒక భాగం అమ్మితే సరిపోతుందా అని చూడటం అమలు కోర్టు ఇష్టాయిష్టాల విషయం కాదు, బాధ్యత.

కొన్నవాడికీ గడువుంది

కానూన్ బాకీదారునే బిగిస్తుందని అనుకోకూడదు. నీలాంలో కొన్నవాడు 25 శాతం అక్కడికక్కడే కట్టాలి, మిగతాది 15 రోజుల్లో. పై ఉదాహరణలో మార్చి 16. ఆ రోజు దాటితే ఏమవుతుందో 1954లో సుప్రీంకోర్టు చెప్పింది. అసలు నీలామే జరగనట్టు లెక్క. ఆ గడువు పెంచే అధికారం కోర్టుకి లేదు. ఆస్తిని మళ్ళీ నీలాం వెయ్యాల్సిందే. కాబట్టి ఇల్లు నీలాం అయినవాళ్ళు మొట్టమొదట చూడాల్సింది కొన్నవాడి చలాన్ తారీఖులు. చాలా కుటుంబాలు ఆ ఫైలు అడిగి చూడవు.

కరారునామా డిక్రీల సంగతి

ముత్తంగి, ఇస్నాపూర్ వైపు ఎక్కువగా వినపడే దావా ఇంకో రకం. బయానా తీసుకున్నాడు, రిజిస్ట్రీ చెయ్యడం లేదు అని కొనుగోలుదారు కోర్టుకి వెళ్తాడు. మిగిలిన సొమ్ము రెండు నెలల్లో జమ చెయ్యి, అమ్మేవాడు బైనామా రాయాలి అని డిక్రీ వస్తుంది. కొనుగోలుదారు జమ చెయ్యడు. ఏళ్ళు గడిచాక భూమి ధర ఎన్నో రెట్లు పెరుగుతుంది. అప్పుడు డిక్రీ కాగితం తీసుకుని వస్తాడు.

ఇలాంటి డిక్రీ ఇచ్చాక కూడా దాని మీద కోర్టు పట్టు ఉంటుందని 1880ల్లోనే కలకత్తా హైకోర్టు చెప్పింది. 1963 నాటి స్పెసిఫిక్ రిలీఫ్ చట్టం సెక్షన్ 28 దాన్ని శాసనంగా రాసింది. గడువులో సొమ్ము కట్టకపోతే ఒప్పందం రద్దు చెయ్యమని అమ్మేవాడు అదే దావాలో అడగొచ్చు. న్యాయం అనిపిస్తే గడువు పెంచమని కొనుగోలుదారు అడగొచ్చు. 1972లో సుప్రీంకోర్టు దీన్ని ప్రాథమిక డిక్రీ లాంటిదని చెప్పింది. 1999లో తమిళనాడు కేసులో, ఏళ్ళ తరబడి సొమ్ము కట్టకుండా కూర్చున్న కొనుగోలుదార్లకి గడువు పెంచడానికి ఒప్పుకోలేదు. డిక్రీ ఉంది కదా అని ధీమాగా ఉంటే డిక్రీ కరిగిపోతుంది.

ముహ్లత్ ఎవరికి దొరుకుతుంది

1961లో సుప్రీంకోర్టులో ఒక చిన్న కేసు వచ్చింది. కోర్టు ఫీజు బాకీ మూడు నెలల్లో కట్టకపోతే అప్పీలు కొట్టేసినట్టే అని షరతు. కక్షిదారు గడువు ముగియకముందే ఇంకొంచెం సమయం కావాలని దరఖాస్తు పెట్టాడు. అది విచారణకి వచ్చేసరికి గడువు దాటిపోయింది. మా చేతులు కట్టేశారు, ఇక ఏమీ చెయ్యలేం అంది హైకోర్టు. సుప్రీంకోర్టులో తీర్పు రాసిన జస్టిస్ హిదాయతుల్లా ఒప్పుకోలేదు. అలాంటి షరతులు సోమరి కక్షిదార్లని కదిలించడానికి పెట్టినవే తప్ప, ఆ తర్వాత జరిగే సంఘటనలని పట్టించుకోకుండా కోర్టు చేతులు కట్టేసేవి కావని చెప్పారు. తర్వాత 1968లో ఆయన భారత ప్రధాన న్యాయమూర్తి అయ్యారు.

కోర్టు పెట్టిన గడువుని కోర్టు పెంచే ఈ అధికారం సెక్షన్ 148లో ఉంది. 2002 జూలై నుంచి మొత్తం 30 రోజులకి మించకూడదని హద్దు పెట్టారు. కక్షిదారు చేతిలో లేని కారణం వల్ల ఆలస్యమైతే ఆ హద్దు కోర్టు సహజ అధికారాన్ని కట్టేయదని 2005లో సుప్రీంకోర్టు వివరించింది.

అంటే గడువులు రెండు రకాలు. కోర్టు పెట్టిన గడువు కోర్టు పెంచగలదు. చట్టం పెట్టిన గడువు, నీలాం తర్వాత 60 రోజుల్లాంటిది, కోర్టు పెంచలేదు. కోర్టు పెంచే చోట కూడా ముందే వచ్చి అడిగినవాడికీ, దాటాక వచ్చినవాడికీ తేడా చూస్తుంది. గడువు ముగియకముందే ఇచ్చిన ఒక్క కాగితం 1961 కేసుని నిలబెట్టింది.

నజర్-ఎ-సానీ అంటే మళ్ళీ మొదలు కాదు

అన్నీ దాటిపోయాక మనవాళ్ళు రివ్యూ వేద్దాం అంటారు. ఆర్డర్ 47 కింద నజర్-ఎ-సానీ చాలా ఇరుకైన దారి. కంటికి కనపడే పొరపాటో, ఎంత వెతికినా అప్పుడు దొరకని కొత్త సాక్ష్యమో, అలాంటి గట్టి కారణమో ఉండాలి. మీయాద్ 30 రోజులు. పైసలు అప్పుడు లేవు, ఇప్పుడున్నాయి అన్నది దానికి కారణం కాదు.

అప్పీలులో డిక్రీయే పోతే సెక్షన్ 144 కింద పోయినదాన్ని తిరిగి ఇప్పిస్తారు. అక్కడ కూడా ఒక హద్దుంది. 1887లో ప్రీవీ కౌన్సిల్ జైనుల్ ఆబిదీన్ ఖాన్, ముహమ్మద్ అస్గర్ అలీఖాన్ కేసులో దాన్ని గీసింది. డిక్రీదారే నీలాంలో కొనుక్కుంటే, డిక్రీ రద్దయ్యాక ఆస్తి వెనక్కి ఇవ్వాలి. దావాతో సంబంధం లేని బయటివాడు నిజాయితీగా కొనుక్కుని ఉంటే అతని హక్కుకి రక్షణ ఉంటుంది. 137 ఏళ్ళు దాటినా ఇవాళ్టికీ ఆ గీతే నడుస్తోంది. గెలిచే అప్పీలు ఉన్నా నీలాం మీద స్టే తెచ్చుకోకపోతే, ఆస్తి బయటివాడి చేతికి వెళ్ళి రాకపోవచ్చు.

ఇంకో నష్టం మసీదు దగ్గరో, పెద్దమనుషుల ముందో జరిగే రాజీల్లో వస్తుంది. కోర్టు బయట కట్టిన డబ్బుని కోర్టు రికార్డుకి ఎక్కించకపోతే అమలు చేసే కోర్టు దాన్ని గుర్తించదు. రూలు 2 ఆ మాట చెబుతుంది. బాకీదారు అడిగే మీయాద్ 30 రోజులే. రసీదు చేతిలో ఉన్నా, రికార్డులో లేకపోతే అమీను మళ్ళీ వస్తాడు.

తెలంగాణలో 2017 నుంచి ఉర్దూ రాష్ట్రమంతటా రెండో అధికార భాష. తెలుగు మొదటిది. డిక్రీ నకలు మీద, నీలాం నోటీసు మీద, ఆఖరి తారీఖు ఏదో, ఎంత కట్టాలో ఈ రెండు భాషల్లో ఒక్క పంక్తి రాయించడం పెద్ద పని కాదు. అడగాల్సినవాళ్ళం మనమే. అప్పటిదాకా కోర్టు కాగితం ఇంటికి వచ్చిన రోజునే గోడ మీది క్యాలెండర్లో మూడు తారీఖులు గీసిపెట్టుకోవాలి: నీలాం జరిగే రోజు, కొన్నవాడి 15వ రోజు, మన 60వ రోజు.